లేని బువ్వ, మానిన బువ్వ

మా తమ్ముడు బువ్వ మానేసి మూడేండ్లయింది. బువ్వొకటే కాదు. సంగటి, రొట్టె, పప్పు, పాలు, పెరుగు, చక్కెర, చెనిక్కాయలు, చెనిక్కాయ నూనె అన్నీ మానేసినాడు. రోగమేమీ లేదు, గట్టిగానే ఉన్నాడు. 2019లో పెనుకొండ పక్క ఎర్రమంచి దగ్గర కొరియావాళ్ళ కియా కార్ల ఫ్యాక్టరీ మొదలైనాక ఆ చుట్టుపక్కల వచ్చిన కంపెనీల్లో ఒకదాంట్లో ఇంజనీరు. వాడు తినేదాన్ని 'పేలియో' అంటారంట. అంటే రాతియుగం తిండి. సేద్యం పుట్టకముందు మనిషి వేటాడి, ఏరుకొని ఏం తిన్నాడో అదే మన ఒంటికి సరైన తిండి, గింజలు వచ్చినాకే జబ్బులు వచ్చినాయి అని దాని సిద్ధాంతం. లారెన్ కార్డైన్ అనే అమెరికా ప్రొఫెసరు 2002లో రాసిన పుస్తకంతో ఇది బాగా పాకింది. మాంసం, చేపలు, గుడ్లు, ఆకుకూరలు, కాయలు, పండ్లు. ఇంతే.

వాడు ఈ జాబితా చదివి వినిపిస్తే మా అమ్మ ఒక్క మాటన్నది. "మీ జేజి తినింది ఇదే కదరా."

ఆమె ఎగతాళికి అనలేదు. ఉన్న సంగతి చెప్పింది. తమ్ముడు నవ్వినాడు. నేనూ నవ్వినా. కానీ ఆ మాట నన్ను వదల్లేదు. ఇది రాయడానికి కారణం ఆ మాటే.

జేజి కాలంలో మా మాదిగ గేరిలో బువ్వ అంటే వరన్నం కాదు. వరన్నం పండగ మాట. బువ్వ అంటే జొన్న సంగటి, కొర్రబువ్వ. అవి కూడా కళ్ళంలో కూలికి కొలిచిన గింజలు ఉన్నన్ని దినాలే. మాది కోవెలకుంట్ల పక్క పల్లె. నల్లరేగడి, మంచి జొన్న పండే నేల. పండేది ఎవరి చేన్లోనో చెప్పనక్కర్లేదు. మాఘం దాటి ఫాల్గుణం వచ్చేసరికి చేన్లలో పని ఉండదు, ఇంట్లో గింజ ఉండదు. అప్పుడు తిండి రెండు దిక్కుల నుంచి వచ్చేది. ఒకటి చెట్టూ గట్టూ. చింతచిగురు, మునగాకు, పాయలాకు, చెంచలాకు, దొగ్గలాకు. రెండోది చచ్చిన గొడ్డు. పెద్దోళ్ళ ఇంట్లో ఎద్దు చస్తే కబురొచ్చేది, మా తాత పోయి ఈడ్చుకొని రావాల. అది కూలి కాదు, వెట్టి. తోలు వలిచి చెప్పులు కుట్టియ్యాల, కపిల బానకు తోలియ్యాల. మాంసం గేరంతా పంచుకునేది. ఆ పొద్దు తిన్నంత తిని, మిగిలింది కోసి తాళ్ళ మీద ఆరేసి తునకలుగా ఎండబెట్టుకునేవాళ్ళు. ఆ తునకలూ చింతచిగురూ వేసి ఉడకబెట్టిన సట్టిలో గింజ లేదు, పప్పు లేదు, పాలచుక్క లేదు. కార్డైన్ గారి పుస్తకంలో నిక్షేపంగా పెట్టొచ్చు.

మా తమ్ముడు మానేసినవన్నీ వరసగా రాసి చూడండి. అవన్నీ మా జేజి ఇంట్లో లేనివి. ఒక్కటి కూడా తేడా లేదు.

జేజి గురించి ఇంకొకటి చెప్పాల. ఆమె చర్చికి పోయేది. ఈస్టరుకు ముందొచ్చే నలభై శ్రమదినాల్లో ఏదో ఒకటి మానుకోమని పాస్టరయ్య చెప్పేవాడంట. ఉన్నోళ్ళు మాంసం మానేవాళ్ళు, ఒక పూట తిండి మానేవాళ్ళు. జేజికి మానుకోవడానికి ఏదీ దొరకలేదు. మాంసమా, గొడ్డు చచ్చిన దినమే వచ్చేది. ఒక పూట తిండా, అది ముందునుంచే లేదు. ఆలోచించి ఆలోచించి వక్కాకు మానుకున్నది. ఈ సంగతి చెప్పి ముసలామె బోసినోటితో నవ్వేది. నేను చరిత్రతో బి.ఏ. చదివినదాన్ని, మా ఇంట్లో డిగ్రీ చదివిన మొదటిదాన్ని. తత్వశాస్త్రం నాకు రాదు. కానీ త్యాగం గురించి ఇంతకంటే సూటి మాట ఏ పుస్తకంలోనూ నాకు తగల్లేదు. మానుకోవాలంటే ముందు ఉండాల.

అందుకని ప్రశ్న ఇట్లా పెట్టుకుంటా. సట్టి ఒకటే, కూర ఒకటే. ఒకామె వేరే గతి లేక తినింది. ఆమె మనవడు అన్ని గతులూ ఉండి తింటున్నాడు. అది ఒకటే తిండేనా? కాకపోతే తేడా ఎక్కడుంది? సట్టిలో వెతికితే దొరకదు కదా.

మొన్న ఈస్టరు సెలవులకు తమ్ముడు ఇంటికొచ్చినాడు. శుభ శుక్రవారానికి ముందు దినం సాయంత్రం వంట తనే చేస్తానన్నాడు. సంచిలోంచి మూడు తీసినాడు. ఒకటి సీసా. ముల్లంగి ముక్కలకు ఉప్పూ కారమూ తెల్లగడ్డా అల్లమూ పట్టించి పులియబెట్టింది. కంపెనీలో కొరియా సూపర్‌వైజరు నేర్పినాడంట. రెండోది కొబ్బరినూనె డబ్బా. చెనిక్కాయ కూడా పప్పుజాతే కాబట్టి ఆ నూనె వాడికి పనికిరాదు. "తలకు పూసుకునే నూనెతో కూరేందిరా" అన్నది అమ్మ. అనంతపురం, కర్నూలు, కడప జిల్లాల్లో చెనిక్కాయ లేకుండా వంట చేస్తాననేవాణ్ణి ఆమె చూడడం అదే మొదలు. మూడోది ఒక కాగితం. ఇంజనీరింగు కాలేజీలో వీడితో ఒకే రూములో ఉన్న పిల్లోడు చదువుకని అమెరికాలో లూసియానా పోయినాడు. అక్కడి నల్లవాళ్ళ వంట ఒకటి నేర్చుకొని రాసి పంపినాడు. దాని పేరు 'గంబో'. అందులో ఆకులతో చేసే రకం ఒకటి ఉంది. న్యూ ఆర్లియన్స్ పట్నంలో ఈస్టరు ముందొచ్చే గురువారం నాడే అది వండుతారు. అయిదో ఏడో తొమ్మిదో, బేసిసంఖ్యలో ఆకులు పడాల. ఎన్ని రకాల ఆకులు పడితే ఆ ఏడు అంతమంది కొత్త స్నేహితులు దొరుకుతారని నమ్మకం.

ఈ గంబో అనే మాట ఆఫ్రికా మాట. అక్కడి కొన్ని భాషల్లో బెండకాయ పేరు. బానిసలుగా కొట్టుకొచ్చిన మనుషులు ఆ పేరును నోట్లో పెట్టుకొని సముద్రం దాటినారు. ఫ్రెంచివాళ్ళ పద్ధతి, స్పెయిన్‌వాళ్ళ దినుసులు, ఆ నేల మీద అంతకుముందే ఉన్న ఆదివాసుల ఆకుపొడి అన్నీ కలిసి 'క్రియోల్' వంట అయింది. కలిసి అన్నా గానీ అందరూ సమానంగా కూర్చొని కలపలేదు. పొయ్యి దగ్గర నిలబడినోళ్ళు ఒకరు, బల్ల దగ్గర కూర్చున్నోళ్ళు ఇంకొకరు.

అమ్మ తొమ్మిది ఆకులు తెచ్చింది. చింతచిగురు, మునగాకు, పాయలాకు, చుక్కాకు, తోటకూర, మెంతాకు పెరట్లోవీ అంగట్లోవీ. చెంచలాకు, దొగ్గలాకు, పొన్నగంటాకు కె.సి. కాలువ గట్టున తడి ఉండే చోట కోసుకొచ్చింది. అసలు వంటలో పిండి నూనెలో ఎర్రగా వేయించి చిక్కదనం తెస్తారంట. గోధుమ కుదరదు కాబట్టి తమ్ముడు బెండకాయ వేసినాడు. వాళ్ళు పొగబెట్టిన మాంసం వేస్తారు. మా ఇంట్లో దానికి తగ్గది తునకలే. వేడినీళ్ళలో నానేసి, రోట్లో మెత్తగా రెండు దెబ్బలు వేసి, ఎర్రగడ్డ, బెంగుళూరు మిరపకాయ, కొత్తిమీర కాడలతో వేయించి, నీళ్ళు పోసి ఉడకనిచ్చి, ఆకులన్నీ ఒకదాని మీదొకటి వేసినాడు. ఆఖర్న బెండకాయలు. అమ్మ ఊరకే చూడలేక పప్పుగుత్తి తీసుకొని ఆకును ఎనిపింది. "ఇది పుల్లగూర కదరా, ఇంతమాత్రానికి అమెరికా కాగితమెందుకు" అన్నది. పైన ఆ ముల్లంగి ముక్కలు. బాగుండింది. పులుపూ కారమూ బంకా కలిసి, తునక నమిలేకొద్దీ రుచి వచ్చే కూర. అబద్ధం చెప్పను, నేను రెండుసార్లు పెట్టించుకున్నా.

అమ్మ మాత్రం తనకని రాగి సంగటి చేసుకున్నది. ముద్ద తుంచి కూరలో అద్దుకుంటుంటే తమ్ముడు ప్రేమగానే అన్నాడు. "ఆ సంగటి ఇంక మానెయ్ మా. అది విషం."

అమ్మ చెయ్యి ఆగింది. "ఈ విషం కోసరమే మీ నాయన పదైదేండ్లు జీతమున్న్యాడు" అన్నది. మళ్ళీ ముద్ద తుంచుకున్నది.

వాడు ఇంకేమీ మాట్లాడలేదు. నేను వాణ్ణి తప్పు పట్టడానికి ఇది చెప్పడం లేదు. వాడు తిండి మానేసింది ఎవర్నీ చిన్నబుచ్చడానికి కాదు. కానీ 'నాకొద్దు' అనే మాటకూ 'అది విషం' అనే మాటకూ మధ్య ఒక గట్టు ఉంది. మొదటి మాట తిండి గురించి. రెండో మాట దాన్ని తినేవాళ్ళ గురించి. దాటేటప్పుడు ఆ గట్టు కాలికి తెలియను కూడా తెలియదు.

రాతియుగం సంగతి కూడా ఒక మాట చెప్పాల. అది మాకు దూరం కాదు. బేతంచెర్ల దగ్గర బిల్లసర్గం గుహలను రాబర్ట్ బ్రూస్ ఫుట్, ఆయన కొడుకు 1880లలోనే తవ్వినారు. మా ఊరికి దగ్గర్లో, బనగానపల్లె పక్క జ్వాలాపురంలో, 74 వేల ఏండ్ల కిందట ఇండోనేషియాలో తోబా అగ్నిపర్వతం పేలినప్పుడు వచ్చి పడ్డ బూడిద ఇప్పటికీ పొరలుగా ఉంది. ఆ బూడిదకు కిందా పైనా రాతి పనిముట్లు దొరికినాయని 2007లో శాస్త్రవేత్తలు ప్రకటించినారు. అంటే అంత ఉత్పాతం ముందూ తర్వాతా అక్కడ మనుషులున్నారు. పిల్లలకు ఈ పాఠం చెప్పేటప్పుడు నాకు ఒళ్ళు పులకరిస్తుంది. ఆ మనుషులు దొరికింది తిన్నారు. గింజ దొరికితే గింజ కూడా. యూరప్‌లో 30 వేల ఏండ్ల నాటి నూరుడు రాళ్ళ మీద పిండి అణువులు దొరికిన సంగతి 2010లో బయటికొచ్చింది. దొరికినదాన్ని పట్టుకొని 'ఇది నేను తినను' అన్న మొదటి మనిషి రాతియుగం వాడు అయ్యుండడు. పక్కన ఇంకేదో నిల్వ ఉన్నవాడు అయ్యుంటాడు. (పైగా ఆ రాతియుగం సట్టిలో మేం వేసిన మిరపకాయ అమెరికాది. చింతచెట్టు ఆఫ్రికా నుంచి వచ్చింది. అమ్మ సంగటికి రాగులూ ఆఫ్రికావే. మా సీమ వంట అని మేం గర్వంగా చెప్పుకునేదే ఎన్నో ఖండాల కలగూరగంప. తమ్ముడు కొత్తగా కలిపిందేమీ లేదు.)

కొరియావాళ్ళకు ఒక మాట ఉంది, 'బొరిత్‌గోగె'. బార్లీ కనుమ అని అర్థం. పోయినేటి గింజలు అయిపోయి, కొత్త బార్లీ కోతకు రాని వసంత మాసాల ఆకలిని వాళ్ళు ఒక కొండ కనుమతో పోల్చినారు. దాన్ని దాటితేనే బతుకు. 1960ల దాకా పల్లెల్లో ఈ మాట బతికి ఉండింది. ఇప్పుడు పెద్ద హోటళ్ళలో వసంతకాలపు ఆకుకూరలని చిన్న చిన్న గిన్నెల్లో పెట్టే ఆకుల్లో ఎన్నో ఆ కనుమ దాటడానికి జనం కొండల్లో ఏరుకున్నవే. యుద్ధం అయిపోయినాక అమెరికా సైనిక శిబిరాల దగ్గర మిగులు డబ్బా మాంసంతో పుట్టిన పులుసొకటి ఉంది, దానికీ ఇప్పుడు ప్రత్యేకంగా హోటళ్ళున్నాయి. మా ఫాల్గుణమూ వాళ్ళ బార్లీ కనుమా ఒకటే. మాకు దానికి పేరు పెట్టే తీరిక కూడా దొరకలేదు.

పేరు పెట్టిన కరువులు లేకపోలేదు. ధాత నామ సంవత్సరం కరువు, 1876–78. కర్నూలు, కడప, బళ్ళారి జిల్లాలు మద్రాసు రాజ్యంలో ఘోరంగా దెబ్బతిన్నవాటిల్లో ఉన్నాయి. అప్పుడు సర్ రిచర్డ్ టెంపుల్ అనే దొర 1877లో లెక్క కట్టినాడు, కరువు పనికొచ్చే మగమనిషికి రోజుకు ఒక పౌను గింజలు, మీద ఒక అణా చాలునని. అంటే అర కిలోకు లోపు. ఆ కూలితో మట్టి మోయాల. డాక్టరు కార్నిష్ అది చాలదని గట్టిగా పోట్లాడినాడు. ఎంత తింటే చాలు అనేది తినేవాడు చెప్పకుండా ఇంకెవరో చెప్పే అలవాటు అక్కడ మొదలు కాలేదు, అక్కడ ఆగనూలేదు.

ఇక్కడ మన ఉద్యమంలో ఉండే ఒక వాదన దగ్గరికి వస్తా. చదువుకున్న మన పిల్లలు నన్ను అడుగుతుంటారు. 1927లో మహద్‌లో బాబాసాహెబ్ చచ్చిన గొడ్డు మాంసం మానమని మనవాళ్ళకు చెప్పినాడు కదా, మరి 2012 ఏప్రిల్‌లో ఉస్మానియా యూనివర్సిటీలో మనవాళ్ళు పెద్దకూర పండగ ఎందుకు చేసినారు, ఇవి రెండూ ఒకదానికొకటి వ్యతిరేకం కాదా అని. మరాఠీలో షాహు పటోలే గారు 2015లో మహార్లు, మాంగుల వంటల మీద పుస్తకమే రాసినాడు, 2024లో అది ఇంగ్లీషులోకి కూడా వచ్చింది, ఆ వంటల గురించి చెప్పుకోవడం గర్వమా అవమానమా అని.

నాకు అర్థమైనంతలో వ్యతిరేకం కాదు. చచ్చిన గొడ్డును ఈడ్చడమూ తినడమూ మన ఇష్టంతో జరిగినవి కావు. అది వెట్టికి ఇచ్చిన జీతం. దాన్ని మానడమంటే వెట్టిని కాదనడం. 'మాకొద్దు' అనే మాట పుట్టి బుద్ధెరిగి మొదటిసారి మన నోట పలికించినాడు ఆయన. ఉస్మానియా పిల్లలు అన్నది దానికి రెండో సగం. 'మాకు కావాల' అని. వద్దనే హక్కు లేనివాడికి కావాలనే హక్కూ ఉండదు. రెండూ కలిస్తేనే మనిషి.

కానీ ఇక్కడితో అయిపోదు. వద్దనడం కూడా అన్నిసార్లూ ఒకటి కాదు. బాబాసాహెబే 1948లో 'ది అన్‌టచబుల్స్' పుస్తకంలో ఇంకో మానడం గురించి రాసినాడు. పూర్వం బ్రాహ్మలు కూడా గోమాంసం తిన్నవాళ్ళే, బౌద్ధం మీద పైచేయి కోసం మానినారు, మానకుండా తింటూ వచ్చినవాళ్ళు అంటరానివాళ్ళయినారు అని ఆయన వాదం. చరిత్రకారులు దాంతో ఎంతవరకు ఒప్పుకుంటారో అది వేరే చర్చ. నాకు పనికొచ్చేది ఆ వాదంలో ఉన్న చూపు. ఒకడు తిండి మానతాడు. మానినందుకు వాడు పైకి లేస్తాడు. వాడు లేవాలంటే కింద ఒకరు దాన్ని తింటూ ఉండాల. తినేవాళ్ళు లేకపోతే ఆ మానడానికి విలువే లేదు. మా జేజి వక్కాకు మానింది, ఎవరూ కిందికి పోలేదు. మహద్‌లో మనవాళ్ళు మానినారు, ఎవరూ కిందికి పోలేదు. ఇంకో రకం మానడంలో ఒక ఊరికి ఊరే కిందికి పోయింది.

1983లో ఎన్టీఆర్ రెండు రూపాయలకు కిలో బియ్యం ఇచ్చినాక మా జేజి మళ్ళీ చెంచలాకు కోయలేదు. ఉప్పునీళ్ళు పోసుకొనైనా వరన్నమే తినింది. మన మేధావుల్లో కొందరు ఆ తెల్లబియ్యమే మన ఆరోగ్యం చెడగొట్టిందని, కొర్రలూ జొన్నలూ వదలడం పొరపాటని రాస్తారు. ఆరోగ్యం లెక్కన అది నిజమే కావచ్చు. మా గేరిలో చక్కెరజబ్బు లేని ఇల్లు ఇప్పుడు తక్కువ. కానీ జేజికి ఆ బియ్యం పోషకాహారం కాదు. ఆకు కోయనక్కర్లేని మొదటి ఫాల్గుణం అది. ఆ ముద్దలో ఆమె తినింది ఏందో లెక్కగట్టకుండా పొరపాటు అనేవాళ్ళు, మళ్ళీ ఆమె తరఫున 'ఇది చాలు' అంటున్నట్టే. 2023ను ఐక్యరాజ్యసమితి చిరుధాన్యాల సంవత్సరం చేసింది. మన కేంద్ర బడ్జెట్టులో వాటికి 'శ్రీ అన్న' అని పేరు పెట్టినారు. కొర్రలకు శ్రీ వచ్చింది. కొర్రలు తిని బతికినోళ్ళకు రాలేదు.

తేడా సట్టిలో దొరకదన్నా కదా. నాకు అది పంక్తిలో దొరుకుతుందనిపిస్తుంది. న్యూ ఆర్లియన్స్‌లో లియా చేజ్ అని ఒక నల్లజాతి వంటామె ఉండేది, 2019లో చనిపోయింది. ఆ గురువారం నాటి ఆకుల గంబోకు ఆమె పెట్టింది పేరు. నల్లవాళ్ళూ తెల్లవాళ్ళూ ఒకచోట కూర్చొని తినగూడదని చట్టమున్న కాలంలో పౌరహక్కుల ఉద్యమంవాళ్ళు ఆమె హోటలు మిద్దె మీద కలిసి కూర్చొని, గంబో తింటూ మంతనాలు చేసుకున్నారు. గంబోకు గౌరవం వంటల పుస్తకంలో ఎక్కినప్పుడు వచ్చిందో, ఆ మిద్దె మీద వచ్చిందో మీరే చెప్పండి.

నా పని బడిలో కాబట్టి నేను పంక్తిని రోజూ చూస్తా. మన రాష్ట్రంలో 2003 నుంచి బడుల్లో మధ్యాహ్నం వండి పెడుతున్నారు. వంటవాళ్ళ నియామకంలో దళితులకు ప్రాధాన్యం ఇవ్వాలని సుప్రీంకోర్టు 2004 ఏప్రిల్‌లో చెప్పింది. నేను పనిచేసే బడిలో మన గేరి ఆమెను వంటకు పెట్టినప్పుడు మొదటి వారం ఎవరూ ఏమీ అనలేదు. రెండో వారం నుంచి కొందరు పిల్లలు ఇంటి నుంచి డబ్బాలు తేవడం మొదలుపెట్టినారు. అడిగితే తల్లులు ఒకటే మాట. "మా పిల్లోనికి బయటి తిండి పడదు టీచర్." కులం మాట ఒక్కరి నోట రాలేదు. ఆరోగ్యం మాటే వచ్చింది. అంగట్లో బజ్జీలు పడతాయి, జాతరలో మిఠాయి పడుతుంది, ఇది పడదు. నెల తిరగకముందే కమిటీ కూర్చొని ఒక ఏర్పాటు చేసింది. మన ఆమె కూరగాయలు తరిగి గిన్నెలు కడగాల, గరిటె ఇంకొకామె పట్టుకోవాల. ఇద్దరికీ జీతం సమానమే. "డబ్బులు అవే కదా టీచరమ్మా, పోనీలే" అన్నది ఆమె. పోనివ్వలేదు. కోర్టు ఉత్తర్వు సంగతి ప్రస్తావిస్తూ అర్జీ రాసినా, పైకి పంపినా, రెండుసార్లు తిరిగినా. గరిటె ఆమె చేతికి తిరిగొచ్చేసరికి ఆ ఏడు పరీక్షలు దగ్గరపడినాయి. అన్ని రోజులూ నేను పిల్లల వరసలో కూర్చొనే తిన్నా, ఇప్పుడూ అంతే.

2023లో బడుల్లో పొద్దున రాగిజావ ఇవ్వడం మొదలుపెట్టినప్పుడు ఒక తమాషా జరిగింది. డబ్బా తెచ్చే పిల్లల ఇండ్ల నుంచే కొందరు తల్లులు వచ్చి, రాగులు ఒంటికి చాలా మంచిదంట కదా, మా పిల్లలకు ఇంకో గ్లాసు పోయించండి అని అడిగినారు. కలిపింది ఆమెనే. జావకు కులం అంటలేదో, ఆరోగ్యం గెలిచిందో నాకు ఇప్పటికీ తేలలేదు. మధ్యాహ్నం మాత్రం డబ్బాలు అట్లనే వచ్చినాయి.

ఆ డబ్బాలను నేను ప్రతి సోమవారం లెక్కపెడతా. మొదట్లో పదకొండు. పోయిన వారం నాలుగు. ఆ నాల్గింటిలో ఒకటి నిజంగానే గుడ్డు పడని పిల్లది, తింటే ఒళ్ళంతా దద్దుర్లు వస్తాయి. ఆ పిల్ల తన డబ్బా తెచ్చుకొని మా వరసలోనే కూర్చుంటుంది, పక్క పిల్ల పళ్ళెంలోంచి ఆకుకూర పప్పు అడిగి పెట్టించుకుంటుంది. తక్కిన మూడు డబ్బాలు వేపచెట్టు కింద, మాకు ఎడంగా కూర్చొని తింటాయి.